గద్ద కనుమలో రెండు సూదులు

ఎర్మెక్ ఛాతీలోంచి బుడగలు వచ్చాయి.

శవపరీక్ష చేసిన ముసలి డాక్టర్ బెక్తెన్ ఆ మాట చెప్పి, కళ్ళజోడు తీసి, తెల్లకోటు అంచుతో తుడవడం మొదలుపెట్టాడు. ఎదురుగా గోడకి ఆనుకుని నిలబడ్డ జిపార్ కదల్లేదు. పోయినవాడు ఆమె తమ్ముడు. ఇరవై తొమ్మిదేళ్ళవాడు. ఆమె పనిచేసే గూఢచారి శాఖలోనే ఏజెంటు. చేర్పించింది కూడా ఆమే.

"ఛాతీ మీద నీళ్ళు నిలిచేలా చేసి, ఆ నీళ్ళ అడుగున పక్కటెముకల మధ్య కోశానమ్మా. బుడబుడమంటూ గాలి పైకొచ్చింది. కుడి ఊపిరితిత్తి పిడికెడైపోయి వెన్నుకి అతుక్కుపోయింది. గుండె ఎడమపక్కకి నెట్టుకుపోయింది. నువ్వనుకున్నట్టు ఇది గుండెపోటు కాదు."

"మరి?"

"మెడకీ భుజానికీ మధ్య ఆవగింజంత మచ్చ ఉంది. ఎవరో వెంట్రుకంత సూదితో ఊపిరితిత్తికి చిల్లు పెట్టారు. పీల్చినప్పుడల్లా ఆ చిల్లులోంచి గాలి ఛాతీలోకి కారుతుంది, తిరిగి బయటికి పోదు. కింద ఉన్నంతసేపూ కాస్త ఆయాసం, అంతే. కొండ ఎక్కుతుంటే బయట గాలి పలచబడి లోపల చిక్కుకున్న గాలి ఉబ్బుతుంది. ఊపిరితిత్తిని నలిపేసి, గుండెకి రక్తం చేరకుండా నొక్కేస్తుంది. చూసినవాళ్ళు గుండె ఆగిందంటారు."

జిపార్ కూడా అదే అంది. నాలుగు రోజుల కిందట, కొండ కింద తమ్ముడిని ఎక్కించుకుని, గద్ద కనుమ దారిలో కారు నడుపుతున్నది ఆమే. పక్క సీట్లో జోకులేస్తున్న ఎర్మెక్ ఒక వాక్యం మధ్యలో ఆగిపోయాడు. పెదాలు నీలంగా మారాయి. ఆమె అతన్ని మంచు మీదికి లాగి ఛాతీ నొక్కింది. నలభై నిమిషాలు నొక్కింది. రెండు పక్కటెముకలు ఆమె అరచేతుల కిందే విరిగాయి.

శాఖలోకి రాకముందు ఆమె సరిహద్దు సైన్యంలో ఎనిమిదేళ్ళు వైద్య సహాయకురాలు. గాలి చిక్కుకున్న ఛాతీలోకి లావు సూది గుచ్చి, గాలి బయటికి వదిలి, ఇద్దరు సిపాయిలని బతికించింది. ఆ రోజు కూడా ఆమె సంచిలో అలాంటి సూదులు ఉన్నాయి.

"ఆ సూది గుచ్చి ఉంటే?" అని అడిగింది.

డాక్టర్ తల ఎత్తలేదు. "బతికేవాడేమో. నీకెలా తెలుస్తుందమ్మా? తూటా దెబ్బ లేదు, ఎక్కడా పడలేదు..."

"తెలుసుకోవాల్సిన పని నాదే కదా, డాక్టర్ గారూ."

అంత్యక్రియల గుడారంలో ఆడవాళ్ళంతా రాగం తీసి ఏడుస్తుంటే జిపార్ ఒక్కతే గోడవైపు తిరిగి కూర్చుంది. అక్క ఏడవలేదేమిటని చుట్టాలు గుసగుసలాడారు. ఆమె ఒకే లెక్క వేసుకుంటోంది. పోయినవాళ్ళ పేర పెట్టే నలభయ్యో రోజు భోజనాలలోపు ఆ సూది పట్టిన చెయ్యి తన చేతికి దొరకాలి.

*

రాజధాని బిష్కెక్ నగరంలో ఒక గుండీల దుకాణం పైన ఉంది కల్నల్ తొలోగోన్ ఆఫీసు. నెలలో రిటైరవబోయే మనిషి. జిపార్ తండ్రికి స్నేహితుడు. ఎర్మెక్‌ని ఆఖరి పని మీద పంపింది ఆయనే, అందుకే ఆమె వచ్చి కూర్చున్నా కాసేపు ముఖంలోకి చూడలేకపోయాడు.

"చెప్పు బాబాయ్," అంది జిపార్. "నన్ను ఓదార్చడానికి పిలవలేదు కదా."

కల్నల్ బల్ల మీద మ్యాపు పరిచాడు.

"సారి-కాయా డ్యామ్. గేట్లు తెరవడానికి రహస్య కోడ్ ఉంది, మూడు ముక్కలుగా. ముగ్గురు సీనియర్ ఇంజనీర్ల దగ్గర ఒక్కో ముక్క. ముగ్గురూ పోతే, కంట్రోల్ రూములో డ్యూటీలో ఉన్న ఇంజనీరు సీలు కవరు విప్పి గేట్లు ఎత్తొచ్చు. నిబంధన అది. రెండు నెలల్లో ఇద్దరు పోయారు. ఇద్దరూ సరస్సు ఒడ్డున తెల్లదరి శానిటోరియంలో వైద్యం చేయించుకుని, గద్ద కనుమ ఎక్కుతూ పోయారు."

"గుండెపోటు."

"అదే రాశారు. నమ్మబుద్ధి కాక ఎర్మెక్‌ని రోగిలా పంపాను." కల్నల్ మ్యాపు మీద లోయని వేలితో చూపించాడు. "దీని వెనక నీటికాకి ముఠా ఉంది. పరాయి డబ్బు, పరాయి ప్లాను. గేట్లన్నీ ఒక్కసారి ఎత్తితే లోయలో ఏడు ఊళ్ళు కొట్టుకుపోతాయి. వాటిలో మూడు పక్కదేశానివి. మనమే కావాలని ముంచామంటారు. ఆ తర్వాత మాట్లాడుకునేది తుపాకులే."

"మూడో ఇంజనీరు?"

"అసనాలి. అరవై మూడేళ్ళు, ఉడుంపట్టు. ఇప్పుడు అదే శానిటోరియంలో వేడినీళ్ళలో నడుం నానబెట్టుకుంటున్నాడు. ఎల్లుండి కనుమ దాటి డ్యామ్‌కి వెళ్ళి కోడ్‌లు మార్చాలి."

"ఈ రోజే బయటికి లాగేస్తే పోలా?"

"లాగితే కాకి ఎగిరిపోతుంది. డ్యామ్‌లో వాళ్ళ మనిషి ఒకడున్నాడు. డ్యూటీ ఇంజనీర్లు నలుగురు. నలుగురిలో ఎవడో తెలీదు. నాకు ముసలాయన బతకాలి, వాడి పేరు దొరకాలి." కల్నల్ ఒక ఫొటో ముందుకి తోశాడు. నక్కతోలు కాలరు, ఎర్రటి పెదాలు, కెమెరాని కూడా ఆటపట్టిస్తున్నట్టున్న చూపు. "దిల్నాజ్. శానిటోరియం మేనేజరు, రెండేళ్ళుగా మన ఇన్‌ఫార్మర్. నీటికాకి ముఠా ఆమెని తమ సొంత మనిషి అనుకుంటోంది, నిజానికి మన మనిషి. అక్కడ సూదుల వైద్యం చేసే విదేశీ డాక్టరు మీద తనకే అనుమానం వచ్చింది. నువ్వు అసనాలి కోడలివి. పనయ్యాక ఆమెని కూడా బయటికి తెచ్చెయ్. డ్రైవర్ని నేను."

"నువ్వా? మెడ తిప్పడానికి ఒళ్ళంతా తిప్పాలి నువ్వు."

"రోడ్డు ముందుకే కదే ఉండేది, వెనక్కి ఎందుకు చూడాలి?" అన్నాడు కల్నల్. ఇద్దరికీ నవ్వు రాలేదు.

జిపార్ లేవబోతూ ఆగింది. "సూది ఎవరిదో తేలాక, వాళ్ళని నాకొదిలేస్తావా?"

"ప్రాణాలతో కావాలి."

"నేను అడిగింది అది కాదు."

కల్నల్ మ్యాపు చుట్టి సొరుగులో పెట్టాడు.

*

తలకి కోడళ్ళు కట్టుకునే తెల్లగుడ్డ, చేతిలో వెన్నరొట్టెల మూట, ఎడమ మణికట్టుకి ఎత్తు చూపించే గడియారం. పెన్నుల్లా కనిపించే రెండు గొట్టాల్లో రెండు లావు సూదులు. జిపార్ శానిటోరియం మెట్లెక్కుతుంటే ఆప్రికాట్ పూలు రాలుతున్నాయి.

వరండాలో దిల్నాజ్ ఎదురొచ్చింది. ఫొటోలోకన్నా అందంగా ఉంది, ఆ సంగతి తనకే బాగా తెలుసన్నట్టు నడుస్తోంది.

"ఈ ఏడు ఆప్రికాట్లు కాస్తాయంటారా?" అని అడిగింది జిపార్. కోడ్ మాట అది.

"పూత బాగుంది. మంచు కొడితే మాత్రం పిందె మిగలదు," అంది దిల్నాజ్. జవాబు సరిపోయింది. తర్వాత గొంతు తగ్గించి, "ఎర్మెక్ అక్కవి కదూ? ముక్కు అదే. చాలా నవ్వించేవాడు. నా కళ్ళముందే ఇంత జరిగింది, నేను పసిగట్టలేకపోయాను అక్కా. క్షమించు," అంది. కళ్ళలో నీళ్ళు కూడా తిరిగాయి.

జిపార్ ఆమె చెయ్యి నొక్కింది. పోయిన దగ్గర్నుంచి తమ్ముడి నవ్వు గురించి తనతో మాట్లాడిన మొదటి మనిషి దిల్నాజే.

అసనాలి గదిలో కథ వేరేగా నడిచింది. రహస్యం చెప్పి ఒప్పించినా ఆయనకి కోడలి నాటకం బాగా నచ్చింది.

"టీ పలచగా ఉంది. మా ఇంటి అసలు కోడలు ఇంతకన్నా బాగా పెడుతుంది."

"మీ అసలు కోడలు పిస్తోలు పెట్టుకుని పెడుతుందా మామయ్యా?"

"పెట్టుకోదు. అయినా నాకు దాన్ని చూస్తేనే భయం ఎక్కువ."

"నవ్వులాట కాదు. ఎవరూ మీ ఒంటి మీద చెయ్యి వెయ్యకూడదు. మాలీషు వద్దు, సూదులు వద్దు, మందుబిళ్ళ కూడా వద్దు."

"మెడ పట్టేసి చస్తున్నానే తల్లీ."

"పట్టిన మెడతో ఎవరూ చావరు."

ఎల్లుండి అనుకున్న రోజు వచ్చింది. బయల్దేరే ముందు పొద్దున్న ఎనిమిదింటికి దిల్నాజ్ ఆయాసపడుతూ వచ్చి జిపార్‌ని పక్కకి పిలిచింది. "సూదుల డాక్టరు మొన్న సాయంత్రమే పారిపోయాడు. గది తాళం దొరికింది. కాగితాలు కాల్చాడు గానీ పూర్తిగా కాల్లేదు. తొందరగా వెళ్ళి చూడు, నేను ముసలాయన దగ్గర కూర్చుంటాను."

జిపార్ వెళ్ళింది. అరగంట బూడిద కెలికింది. పనికొచ్చే ముక్క ఒక్కటీ లేదు. తిరిగొచ్చేసరికి అసనాలి కోటు తొడుక్కుని గుమ్మంలో నిలబడి, తల ఇటూ అటూ తేలిగ్గా తిప్పుతూ పాట కూనిరాగం తీస్తున్నాడు. ఆ తిప్పే తల ఆమె కంటపడింది. కానీ హారన్ మోగింది, ఆ చూపు అక్కడే జారిపోయింది.

*

బూడిదరంగు వ్యాను. ఆకారం చూసి జనం దాన్ని రొట్టె బండి అంటారు. లోపల ఎదురెదురుగా రెండు బల్లలు. ఒకదాని మీద అసనాలి, జిపార్. ఎదుటిదాని మీద నక్కతోలు కాలరులో దిల్నాజ్. డ్రైవరు సీట్లో తెల్ల ఉన్ని టోపీ పెట్టుకున్న కల్నల్. కొండచరియ విరిగిపడి మధ్యలో రెండు గంటలు ఆగాల్సి వచ్చింది. మళ్ళీ బయల్దేరేసరికి ఒంటిగంట అవుతోంది.

ఆ దారి ఎక్కడం జిపార్‌కి కష్టంగా ఉంది. ప్రతి మలుపూ ఎర్మెక్ చెప్పిన జోకుతో సహా గుర్తుంది.

గడియారం రెండువేల ఏడువందల మీటర్లు చూపించినప్పుడు అసనాలి మాటలు తగ్గాయి. రెండువేల ఎనిమిదివందల దగ్గర చెయ్యి ఛాతీ మీద పెట్టుకున్నాడు.

"ఏంటి మామయ్యా?"

"కుడిపక్క... పొడుస్తోంది. గాలి... చాలట్లేదు."

నుదుటి మీద చెమట. పెదాల అంచుల్లో నీలం. ఒక్క నిమిషంలో మనిషి బల్ల మీద వాలిపోయాడు.

"గుండెపోటు!" దిల్నాజ్ కేక పెట్టింది. "నొక్కు అక్కా! ఛాతీ నొక్కు!"

జిపార్ చేతులు వాటంతటవే ఆయన ఛాతీ మీద పడ్డాయి. వేళ్ళు అల్లుకున్నాయి, మోచేతులు బిగిశాయి. అదే రోడ్డు, అవే చేతులు. అరచేతి కింద ఎముక విరిగిన చప్పుడు ఇంకా ఆ చేతుల్లోనే ఉంది.

నొక్కలేదు.

కాలరు ఒక్క గుంజు గుంజింది. గుండీలు ఎగిరిపోయాయి. మెడనరాలు తాళ్ళలా ఉబ్బి ఉన్నాయి. గొంతుగొట్టం నడిమధ్య లేదు, ఎడమవైపుకి జరిగింది. ఛాతీ కుడి సగం ఉబ్బి కదలకుండా ఉంది, ఎడమ సగం ఒక్కటే ఎగిరెగిరిపడుతోంది. చెవి ఆనించింది. ఎడమవైపు ఊపిరి చప్పుడు. కుడివైపు ఏమీ లేదు. వేలితో తట్టింది. డోలు మోగినట్టు మోగింది.

మెడకీ భుజానికీ మధ్య ఆవగింజంత మచ్చ. దాని చుట్టూ చర్మం ఇంకా ఎర్రగా, తాజాగా ఉంది. ఈ పొద్దుటిది.

సూదుల డాక్టరు మొన్ననే పోయాడు. ఈ పొద్దున్న ముసలాయన దగ్గర కూర్చున్నది ఒక్కరే.

జిపార్ తల ఎత్తలేదు. చెయ్యి సంచిలోకి పోయింది. గొట్టం మూత పళ్ళతో లాగింది. వేలెడు పొడవున్న లావు సూది, దాని మీద ప్లాస్టిక్ తొడుగు. కాలరెముక నడిమి నుంచి కిందికి వేలు జరుపుతూ పక్కటెముకలు లెక్కపెట్టింది. ఒకటి, రెండు. మూడో ఎముక పై అంచు. వేలు అక్కడ ఆగింది.

"సూది పక్కన పెట్టు అక్కా."

గొంతు మారిపోయింది. నక్కతోలు కాలరు లోంచి వచ్చిన చిన్న పిస్తోలు జిపార్ చెవి పక్కన చల్లగా తగిలింది.

"నువ్వేనా?" అంది జిపార్.

"నేనే. కల్నల్ గారు మంచివారు, నెలనెలా నేను చెప్పిన కథలన్నీ నమ్మారు." దిల్నాజ్ నవ్వింది. "నీ తమ్ముడు ఎంత మర్యాదస్తుడు! మెడ వంచమంటే వంచాడు. గుచ్చుతుంటే కూడా జోకులేస్తున్నాడు. ఇప్పుడు కదలకుండా కూర్చో, ముసలాయన్ని వెళ్ళిపోనీ. ఎక్కువసేపు పట్టదు, నీకు తెలుసుగా."

జిపార్ కళ్ళముందు ఒక్కక్షణం ఎర్రగా అయిపోయింది. సూది చేతిలోనే ఉంది. చెయ్యి తిప్పితే దిల్నాజ్ గొంతు ఒక జానెడు దూరం. తూటా తగిలినా సరే, గుచ్చేసే చావొచ్చు.

అద్దంలో కల్నల్ కళ్ళు కనిపించాయి. ఆ కళ్ళు ఒక్కసారి మూసుకుని తెరుచుకున్నాయి.

బ్రేకు పడింది. బండి కంకర మీద జారి, తోక విసిరి, కొండకి గుద్దుకుని ఆగింది. పిస్తోలు పైకప్పులోకి పేలింది. దిల్నాజ్ బల్ల మీంచి ఎగిరి ఇనుప తలుపుకి కొట్టుకుంది.

దొరికింది అవకాశం. జిపార్ ఆమెవైపు తిరగలేదు. మోకాలితో అసనాలి నడుం అదిమిపెట్టి, మూడో ఎముక అంచు మీదుగా సూదిని నిటారుగా లోపలికి దించింది. చర్మం, కండ, ఆ తర్వాత చిన్న టక్కు.

ఉస్స్...

సైకిల్ ట్యూబులోంచి పోయినట్టు గాలి బయటికి కొట్టింది. చెంపకి వెచ్చగా తగిలింది. సూది లాగి ప్లాస్టిక్ తొడుగు మాత్రం ఉంచేసింది. ఒకటి, రెండు, మూడు. కుడి ఛాతీ కదిలింది. మెడనరాలు మెల్లగా అణిగాయి. అసనాలి మునిగి తేలినవాడిలా గట్టిగా ఒక ఊపిరి పీల్చి కళ్ళు తెరిచాడు.

"నా... కొత్త చొక్కా," అన్నాడు.

జిపార్ గొంతులోంచి ఒక వింత చప్పుడు వచ్చింది. అది ఏడుపో నవ్వో ఆమెకే తెలియలేదు. అంత తేలిక. ఒక సూది, పది క్షణాలు. తమ్ముడికి కూడా అంతే సరిపోయేది.

*

కల్నల్ దిల్నాజ్ రెండు చేతులకీ బేడీలు వేసి బల్ల కమ్మీకి బిగించాడు. "రెండేళ్ళు," అన్నాడు. "రెండేళ్ళు నా బల్ల దగ్గర కూర్చుని టీ తాగావు."

"బాగుండేది టీ." దిల్నాజ్ పెదవి చిట్లింది, అయినా నవ్వింది. "మీ గెలుపు అయ్యాక గడియారం చూసుకోండి కల్నల్ గారూ. ముగ్గురూ పోయారని పొద్దున్నే కబురు పంపేశాను. సరిగ్గా రెండింటికి కవరు విప్పుతారు."

ఒంటిగంటా ఇరవై రెండు నిమిషాలైంది.

"వైర్‌లెస్ కనుమ మీదే పనిచేస్తుంది," అన్నాడు కల్నల్. "ఎక్కడానికి ముప్పై నిమిషాలు. డ్యామ్‌కి చెప్పి..."

"ఎవరికి చెప్తారు?" అంది దిల్నాజ్. "నలుగురు ఇంజనీర్లు. ఈ రోజు నలుగురూ లోపలే ఉన్నారు. మీరు పిలిస్తే ఎత్తేవాడు వాడే అయితే? గంట కొట్టకముందే గేట్లు ఎత్తేస్తాడు. నలుగురినీ వెతికి పట్టుకునేలోపు కూడా అంతే."

అసనాలి చెయ్యెత్తాడు. "వెనక్కి... వద్దు. పైకే పోనియ్." నిజానికి ఆయన ప్రాణానికి కూడా దారి అటే. వెనక్కి శానిటోరియం రెండు గంటలు. కనుమ దాటితే డ్యామ్ ఆసుపత్రి దగ్గర.

బండి కదిలింది. జిపార్ దిల్నాజ్ చేతిసంచి ఒళ్ళో పెట్టుకుని తెరిచింది. పౌడరు, అత్తరు, వాటి అడుగున వెండి పెట్టె. పెట్టెలో పొడుగాటి సన్న సూదులు, వెంట్రుకల్లా మెరుస్తున్నాయి. ఒకటి తీసింది.

దిల్నాజ్ నవ్వు ఆగింది. "ఏం చేస్తున్నావ్?"

"నా తమ్ముడికి గుచ్చిన చోటు చూపిస్తావా, నన్నే వెతుక్కోమంటావా?"

"జిపార్!" అన్నాడు కల్నల్.

"బండి నడుపు బాబాయ్. రోడ్డు ముందుంది."

నక్కతోలు కాలరు పక్కకి లాగింది. దిల్నాజ్ తన్నింది, బూతులు తిట్టింది, తల విదిలించింది. జిపార్ ఆమె జుట్టు పట్టుకుని మెడ వంచింది. మెడకీ భుజానికీ మధ్య మెత్తటి గుంట దొరికింది. సూది మొన దిగింది. దిల్నాజ్ కెవ్వుమంది.

ఆ క్షణంలో జిపార్ వేళ్ళ మధ్య సూది బరువు ఎంతో ఆమెకొక్కదానికే తెలుసు. ఇంకాస్త తోస్తే చాలు. తోయమని ఒళ్ళంతా అరుస్తోంది.

ఆమె సూది బయటికి లాగి, తుడిచి, పెట్టెలో పెట్టింది. మణికట్టు దిల్నాజ్ ముఖం ముందుకి తెచ్చింది.

"రెండువేల తొమ్మిదివందల ఇరవై. కనుమ మూడువేల ఐదువందల డెబ్బై. ఎన్ని మలుపులో నాకు తెలుసు, ఏ మలుపులో ఏమవుతుందో నీకు తెలుసు. డ్యామ్‌లో వాడి పేరు చెప్పు."

"చావు."

"తొందరేం లేదు."

బండి మూలుగుతూ ఎక్కింది. దిల్నాజ్ మొదట కిటికీలోకి చూసింది. తర్వాత ఊపిరి లెక్కపెట్టుకోవడం మొదలుపెట్టింది. మూడువేల వంద దగ్గర బేడీ వేసిన చేత్తో కుడి ఛాతీ తడుముకోబోయింది, అందలేదు.

అప్పుడే అసనాలి మళ్ళీ రొప్పాడు. జిపార్ వంగి చూసింది. ఆయన కదిలినప్పుడు ప్లాస్టిక్ తొడుగు మడత పడింది. గాలి దారి మూసుకుపోయింది. మెడనరాలు మళ్ళీ లేస్తున్నాయి. ఆమె రెండో గొట్టం విప్పింది. ఈసారి చంక కిందుగా, పక్కనుంచి, ఐదో ఎముక పైన. ఉస్సుమంది. ముసలాయన ముఖంలోకి రంగు తిరిగొచ్చింది.

దిల్నాజ్ కళ్ళు విప్పార్చి అంతా చూసింది. నీలం పెదాలు, ఉబ్బిన నరాలు, తేలేసిన కళ్ళు. ఇంతవరకూ సూది గుచ్చి, నవ్వి, గుమ్మం దాకా సాగనంపడమే ఆమె పని. గుచ్చాక ఏమవుతుందో దగ్గర్నుంచి చూడటం ఇదే మొదటిసారి.

"అలాంటి సూది... ఇంకోటి ఉందా?" అని అడిగింది.

"ఉంది," అంది జిపార్. "పేరు చెప్పినవాళ్ళకి."

మూడువేల రెండువందలు. మూడువేల మూడువందలు. దిల్నాజ్ నుదురు చెమటతో తడిసింది. ఊపిరి కుక్కలా ఎగబీలుస్తోంది. "కుడివైపు పట్టేస్తోంది. అక్కా, నిజంగా పట్టేస్తోంది."

"ఎర్మెక్ ఏమన్నాడో చెప్పనా? వాడు అక్కా అనలేదు. అనేంత గాలి లేకపోయింది."

"వేళ్ళు తిమ్మిరెక్కుతున్నాయి!"

"ఒంటిగంటా నలభై తొమ్మిది."

మూడువేల నాలుగువందల మలుపు తిరుగుతుండగా దిల్నాజ్ విరిగిపోయింది. "సాపర్బై!" అని అరిచింది. "మూడో షిఫ్టు సాపర్బై! బట్టతల, వెండి పన్ను! కవరు ఇప్పటికే వాడి జేబులో ఉంది! గుచ్చు, త్వరగా గుచ్చు!"

"ఒట్టు?"

"మా అమ్మ మీద ఒట్టు! గుచ్చవే!"

జిపార్ చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది.

కనుమ మీద ఆగిన బండిని గాలి ఊపేస్తోంది. కల్నల్ వైర్‌లెస్ అందుకున్నాడు. ఇంజనీర్లని కాకుండా, డ్యామ్ కాపలా దళం నాయకుడిని పిలిచాడు. వాళ్ళిద్దరూ ముందే అనుకున్న కోడ్‌లో మాట్లాడాడు. "పెళ్ళికొడుకు పేరు సాపర్బై. గుర్రం మీంచి దింపండి. ఇప్పుడే."

గరగర. నిశ్శబ్దం. ఒంటిగంటా యాభై ఆరు. యాభై ఏడు. అసనాలి కళ్ళు మూసుకుని పెదాలు కదుపుతున్నాడు. కల్నల్ చేతిలో మైకు తడిసిపోయింది. యాభై తొమ్మిది.

"దింపాం," అంది గొంతు, రొప్పుతూ. "ముహూర్తం దాకా ఆగలేదు సార్ వీడు, మీట మీద చెయ్యి వేసేశాడు. ఒక గేటు జానెడు లేచింది. మూసేశాం. వెండి పన్ను ఊడింది, మిగతాదంతా బానే ఉంది."

కల్నల్ స్టీరింగు మీద తల వాల్చేశాడు.

"నేను చచ్చిపోతున్నాను!" దిల్నాజ్ ఏడుస్తోంది. "పేరు చెప్పాను కదా! మాటిచ్చావు కదా!"

జిపార్ లేచి వచ్చి ఆమె ఛాతీ కుడివైపు చెవి ఆనించింది. తర్వాత ఎడమవైపు. తీరుబాటుగా రెండుసార్లు విన్నది.

"రెండు వైపులా చక్కగా ఆడుతోంది," అంది. "సూది చర్మం దాటనివ్వలేదు. నీకున్నది భయం, అంతే."

దిల్నాజ్ తల వంచి తన ఛాతీ వంక చూసుకుంది. ఆయాసం మాత్రం వెంటనే ఆగలేదు.

"ఇంకో సూది కూడా లేదు. ఆయన పక్కలో ఉన్నదే ఆఖరిది," అంది జిపార్. "ఈ అరగంట నీకెలా గడిచిందో, నా తమ్ముడికి ఆఖరి నిమిషాలు అలాగే గడిచాయి. నీకు చివర్లో ఏమీ లేదని చెప్పడానికి నేనున్నాను. వాడి పక్కనే ఉండి కూడా నేను లేనట్టే అయ్యాను."

ఆమె తిరిగి వెళ్ళి అసనాలి పక్కన కూర్చుంది. ఖాళీ చేతులు మోకాళ్ళ మీద పెట్టుకుంది. ముసలాయన ఏమీ అడగకుండా తన కోటు అంచు ఆ చేతుల మీద కప్పాడు. మొదటి దిగువ మలుపు దాటాక, బిష్కెక్‌లో, గుడారంలో, ఇన్నాళ్ళూ రానిది అప్పుడొచ్చింది. జిపార్ రాగం ఏమీ తియ్యకుండా, నోటికి గుడ్డ అడ్డం పెట్టుకుని, డ్యామ్ కనిపించేదాకా ఏడ్చింది.

*

డ్యామ్ ఆసుపత్రిలో డాక్టరమ్మ అసనాలి ఛాతీలో గొట్టం వేసి, సీసా కట్టి, బయటికొచ్చింది. ముక్కుసూటి మనిషిలా ఉంది. ఫారం తీసింది.

"బతుకుతాడు. సూదులు ఎవరు వేశారో గానీ, సరిగ్గా వేశారు. గాయానికి కారణం ఏం రాయను?"

"వైద్యం," అన్నాడు కల్నల్.

ఆమె ఆయన్ని ఎగాదిగా చూసి, అదే రాసేసుకుంది. తర్వాత వరండా చివర ఇద్దరు సిపాయిల మధ్య బేడీలతో, నక్కతోలు కాలరుతో కూర్చున్న ఆడమనిషిని చూపించింది. "ఆవిడ ఊపిరాడట్లేదని గోల పెడితే ఎక్స్‌రే కూడా తీశాను. ఏ జబ్బూ లేదు. మరో యాభై ఏళ్ళు పనిచేసే ఊపిరితిత్తులు. ఆవిడకేం సిఫారసు చెయ్యమంటారు?"

జిపార్ కళ్ళు తుడుచుకుని, తలగుడ్డ సర్దుకుంది.

"గాలి మార్పు," అంది. "ఆ యాభై ఏళ్ళూ."